భూగర్భమునకు బాధ్యులెవరు?

2025 ఫిబ్రవరి 22వ తేదీ ఉదయమున, నాగర్‌కర్నూలు జిల్లా దోమలపెంట యొద్ద, శ్రీశైలము ఎడమగట్టు కాలువ సొరంగములో కప్పు కూలి, నీరును బురదయు నొక్కమారుగా లోనికి దూకెను. సొరంగపు ద్వారమునుండి దాదాపు పదునాలుగు కిలోమీటర్ల లోపల పనిచేయుచుండిన వారిలో ఎనమండుగురు బయటకు రాలేదు. ఇద్దరు ఇంజనీర్లు, ఇద్దరు యంత్రచాలకులు, నలుగురు కూలీలు. ఉత్తరప్రదేశ్, జమ్మూ కాశ్మీరము, పంజాబు, ఝార్ఖండ్ ప్రాంతములనుండి పొట్ట చేతబట్టుకొని మన దేశభాగమునకు వచ్చినవారు. మార్చి నెలలో ఇద్దరి దేహములు లభించినవి. ఏప్రిలు ఆఖరున వెదకుట నిలిచిపోవునప్పటికి తక్కిన ఆరుగురి జాడ తెలియలేదు.

ఆ దినములలో మంత్రులు వచ్చిరి, సైన్యము వచ్చెను, 2023 నవంబరులో ఉత్తరాఖండములోని సిల్క్యారా సొరంగమునుండి 41 మంది సజీవముగా వెలువడుటకు తోడ్పడిన గనిపనివారును వచ్చిరి. మనుష్యులు చేయదగిన సాహసమంతయు వారు చేసిరి. అధికారుల నోట తరచుగా వినవచ్చిన మాట మాత్రము, భూగర్భస్థితి అనూహ్యమైనదని. ఈ ‘అనూహ్యము’ అను మాటను గురించియే మేము నేడు వ్రాయదలచితిమి. యంత్రము పాతదా, జాగ్రత్తలు చాలలేదా అను ప్రశ్నలు విచారణలో తేలవలసినవి. మా ప్రశ్న అంతకు ముందుది. నేల లోపల ఏమున్నదో తెలియనపుడు, ఆ తెలియనిదాని భారమును ఎవరు మోయవలెనని మన ప్రభుత్వములు ఒడంబడికలో వ్రాయుచున్నవి? అట్లు వ్రాయుట న్యాయమా? న్యాయము మాట అటుంచినను, లాభమా?

ఆ సొరంగము సామాన్యమైన పని కాదు. పొడవు దాదాపు 44 కిలోమీటర్లు. శ్రీశైలము జలాశయమునుండి కృష్ణ నీటిని మరలు పెట్టి ఎత్తిపోయకుండ, వాలుననే నల్లగొండ జిల్లాకు కొనిపోయి, మూడు లక్షల ఎకరములకు తడి నిచ్చుటయు, ఫ్లోరైడు నీరు త్రాగి ఎముకలు వంగిపోయిన గ్రామములకు మంచినీరిచ్చుటయు దాని ఉద్దేశము. పైన నల్లమల, అందు పులుల అభయారణ్యము. కావున నడుమ ఎచ్చటను బావులు దింపి త్రవ్వుటకు వీలులేక, రెండు కొనలనుండియే యంత్రములతో త్రొలుచుకొని పోవలసివచ్చినది. 2005లో పని అప్పగింపబడినది. ఐదేండ్లలో ముగియవలసినది. ఇరువది యేండ్లు గడచిన పిమ్మటను తొమ్మిది కిలోమీటర్లకు పైగా మిగిలియుండగా, ఆగిన పని మరల ఆరంభమైన కొలది దినములకే ఈ ఘోరము సంభవించినది. ఆ ప్రాంతమందు రాయి బలహీనముగ నున్నదనియు, నీరు గలదనియు 2020లో జరిగిన పరీక్షయందే సూచింపబడినదని పత్రికలు ప్రకటించినవి. అదియే నిజమైనచో అనూహ్యమన్న మాట ఎవరికి వర్తించును? కాగితము చూచినవారికా, చూడనివారికా, లోపలికి పోయిన కూలీకా?

మా పాఠకులలో పెక్కురు భూవసతి గలవారు. బోరు వేయించనివారు వారిలో ఉండరు. బోరు బండి వచ్చినపుడు బేరమెట్లు సాగునో ఎరుగనివారు లేరు. అడుగునకింత అని మొదటి మూడువందల అడుగులకొక ధర. లోతు పెరిగినకొలది ధర పెరుగును. పైమన్ను వదులుగా నుండి గోడలు జారునేని ఇనుపగొట్టము దింపవలెను. ఆ గొట్టమునకు వేరు లెక్క. ఎన్ని అడుగుల గొట్టము పట్టునో ముందుగా బండివాడు చెప్పడు, రైతు అడుగడు. నీరు పడనిచో? బండివానికి రావలసినది వానికి వచ్చును, నష్టము రైతుది. అది కఠినమైన ధర్మమే. ఒకటికి నాలుగు బోర్లు ఎండిపోయి అప్పులపాలైన రైతులు మన జిల్లాలలో ఎందరో. అయినను బండివాడు తన్ను మోసగించెనని ఆ రైతు అనడు. నేల తనది, నేల కడుపులోని రాయియు, నీరును, నీరులేమియు తనవే యని అతడెరుగును.

అంతకు పూర్వము బావులు త్రవ్వించిన దినములలోను ఇదియే వాడుక. మన్నుకొక ధర, మొరమునకొక ధర, గట్టిరాయికొక ధర. రాయి పడిననాడు పని ఆపి, రైతును పిలిచి, చూపించి, ధర మాటలాడుకొని మరల గడ్డపార పట్టెడివారు. ప్రభుత్వపు ధరల పట్టికలో నేటికిని మెత్తనేల, గట్టినేల, మొరము, మెత్తరాయి, గట్టిరాయి అని విభాగములు కలవు గదా! అవి ఎక్కడనుండియో ఊడిపడినవి కావు. లోపలి సరుకునుబట్టి కూలి యుండవలెనన్న లోకజ్ఞానమునుండి వచ్చినవే.

ఇక ప్రభుత్వమువారి పెద్ద పనుల ఒడంబడికలు చూడుడు. టెండరు వేయువాడు స్థలమును చూచినను చూడకున్నను, దానిని గూర్చి సర్వము ఎరిగినవానిగనే భావింపబడునట. తరువాత ఏదియో పొరపాటుపడితినని అదనపు సొమ్ము అడుగరాదట. ఈ అర్థము గల షరతు కేంద్ర పబ్లిక్ వర్క్సు శాఖ టెండరు ప్రకటనలలో చిరకాలముగా నున్నది. రాష్ట్రములలోను దీని బంధువులు పెక్కులు. టెండరు వేయుటకు గడువు సామాన్యముగా కొలది వారములు. ఆ వారములలో వాడు అడవిలోనికి పోయి, కొండపైనెక్కి, వందల మీటర్ల లోతున బోర్లు వేసి రాయిని పరీక్షింపవలెనా? అటవీశాఖవారు వానిని అడుగుపెట్టనిత్తురా? పదిమంది టెండరు వేయుచో పదిమందియు పది తడవలు బోర్లు వేయవలెనా? ఇది జరుగునది కాదని వ్రాసినవారికిని తెలియును, సంతకము చేయువారికిని తెలియును. టెండరునాడు సర్వము తెలిసినట్లే. కూలిననాడు ఎవరికిని ఏమియు తెలియదు!

ఇట్టి షరతు ప్రభుత్వమునకు రక్షణ యని కొందరి అభిప్రాయము. దాని ఫలితమెట్లుండునో చూతము. నిదానస్థుడైన కంట్రాక్టరు రాతిని, నీటిని తలచుకొని భయపడి, ఆ భయమునకు తగిన మొత్తమును ధరలో చేర్చును. రాయి మంచిదైనచో ఆ మొత్తము వానికి ఊరక మిగులును. ప్రజల సొమ్ము పోవును. సాహసికుడు, లేక జూదరి, ఏమియు చేర్చడు; వాని టెండరే తక్కువ; పని వానికే చిక్కును. తరువాత నేల ఎదురుతిరిగినపుడు వాడు చేయగలిగినవి మూడే. పని ఆపివేయును, లేదా వ్యాజ్యమునకు పోవును, లేదా ఎచ్చటనో మిగుల్చుకొనును. ఆ మిగుల్చుట ఎచ్చట? సిమెంటు వెలను వాడు తగ్గింపలేడు, బ్యాంకు వడ్డీని తగ్గింపలేడు. ముందు రాయి ఎట్లున్నదో తెలిసికొనుటకు ముఖమునుండి వేయవలసిన బోరు ఒకటి మానవచ్చును. బలహీనమైన కప్పునకు పెట్టవలసిన ఇనుప కమానులను కొంచెము దూరదూరముగ పెట్టవచ్చును. నీరు కారుచున్నపుడు ఆగి, సిమెంటు పాలు ఎక్కించి, గట్టిపడువరకు వేచియుండవలసిన వారము దినములను నాలుగు దినములు చేయవచ్చును. ఆగిన ప్రతి దినమునకు తనకే నష్టము, ఆగినందులకు పైసా రాదు అని వ్రాయించుకొన్నవానిని, ఆగుమని ఏ నీతిశాస్త్రముతో అడుగగలము? ఒడంబడికలో ఒక వాక్యమునకు వెల కట్టవలసివచ్చినపుడు, ఆ వెల తరచుగా ముఖమువద్ద నిలిచినవాడు చెల్లించుచున్నాడు. వానికి ఆ ఒడంబడిక చదువ రాదు. చదివినను వాని సంతకము అందు లేదు.

ఈ వివాదము మనకు మాత్రమే వచ్చినది కాదు. ఇంగ్లండులో థేమ్సు నదిపై బ్లాక్‌ఫ్రయర్సు వంతెన కట్టునపుడు, నగరసభవారి ఇంజనీరు గీసిన నమూనా ప్రకారము నీటిలో దింపిన ఇనుపపెట్టెలు ఆ నదికి పనికిరాలేదు. కంట్రాక్టరునకు శ్రమయు ధనమును వ్యర్థమాయెను. పరిహారము కోరగా, 1876లో ప్రభువుల సభ అతనికి మొండిచేయి చూపినది. నమూనా పనికివచ్చునని నగరసభ హామీ ఇచ్చినట్లు అనుకొనుటకు వీలులేదు, నీవే చూచుకొనవలసినది అని దాని తాత్పర్యము. మనకు వచ్చిన న్యాయము ఈ బడిలో చదివినదే.

అమెరికాలో మరియొక త్రోవ తెరచుకొన్నది. కెంటకీ రాష్ట్రమున గ్రీన్ నదిమీది ఆనకట్ట బాగుచేయు పనిలో, కట్ట వెనుక పగిలిన రాళ్లు, రంపపుపొట్టు, ఒండ్రు ఉన్నవని సర్కారు కాగితము చెప్పినది. త్రవ్వగా క్రింద బయటపడినవి పెద్ద దూలముల పంజరములు, వానిలో నింపిన రాళ్లు. స్థలము నీవే పరీక్షించుకొనవలెనని ఒడంబడికలో ఉన్నది నిజమే. అయినను, సర్కారు తాను నిశ్చయముగా చెప్పిన మాటను నమ్మినవాడు మోసపోరాదని 1914లో అచ్చటి సుప్రీము కోర్టు తీర్పు చెప్పినది. నాలుగేండ్లకు, 1918లో, బ్రూక్లిన్ నౌకాశాలలోని మురుగుకాలువ వ్యాజ్యములో అదే కోర్టు ఇంకొక అడుగు వేసినది. ఏ పటమునను చూపని అడ్డుకట్ట యొకటి పాతకాలువలో దాగియుండి, పెద్దవాన నాడు, సముద్రపు పోటు సమయమున నీటిని ఎగదన్ని, సర్కారు నమూనా ప్రకారమే కట్టిన కాలువను పగులగొట్టినది. నమూనా ఇచ్చినవాడే దాని మంచిచెడ్డలకు పూచీ యని కోర్టు నిర్ణయించినది. పిమ్మట అమెరికా ప్రభుత్వము తన ఒడంబడికలలో తానై ఒక షరతు చేర్చినది. నేల చెప్పినట్లు లేకున్నను, అట్టి పనులలో సామాన్యముగా నుండునట్లు లేకున్నను, వెంటనే తెలియజేయుము. చూచి ధరయు గడువును సరిచేయుదుము అని దాని భావము. కంట్రాక్టర్లపై దయ కలిగి ఆ ప్రభుత్వమీపని చేయలేదు. టెండర్లలో భయపు ఖరీదు కట్టుట మానివేసినది, అంతే.

మన చట్టములో దీనికి విత్తనము లేకపోలేదు. 1872 నాటి ఒడంబడికల చట్టము 18వ సెక్షనులో, తగిన ఆధారము లేకయే నిజము కానిదానిని నిజమని నిశ్చయముగా చెప్పుట, చెప్పినవాడు నమ్మి చెప్పినను, తప్పుడు కథనమే యని యున్నది. కాని మరుసటి సెక్షనులోనే మెలిక. మామూలు జాగ్రత్తతో నిజము తెలిసికొనుటకు వీలున్నవాడు ఆ ఒడంబడికను త్రోసివేయలేడు. స్థలము చూచితినని సంతకము పెట్టించుకొనుట ఈ మెలికనుబట్టి ఎంత ప్రయోజనకరమో ప్లీడర్లకు చెప్పనక్కరలేదు. ఇక పని కష్టమైనది, వ్యయము పెరిగినది అన్నంత మాత్రమున ఒడంబడిక కరగిపోదని 1960లో మన సుప్రీము కోర్టు సైన్యమునకు నేయి సరఫరా చేసిన వ్యాజ్యములో స్పష్టముగా చెప్పినది. ఆ మాట సరియైనదే. బజారు ధర పెరుగుట వ్యాపారి ఎరిగిన అపాయము. కాని నేతిధర పెరుగుటయు, కొండలోపల నది యుండుటయు ఒక్క తూనికరాతితో తూచదగినవి కావు. కోర్టులు కాగితములో ఉన్నదానిని చదువును. కాగితమును మార్చవలసినవారు ప్రభుత్వమువారు.

ఇచ్చట మా పాఠకులు మమ్ములనొక ప్రశ్న వేయుదురు. వేయవలసినదే. మీరు చెప్పిన ద్వారము తెరచినచో కంట్రాక్టర్లు ఊరకుందురా? ప్రతి గులకరాయియు అనూహ్యమేయగును గదా? మన జిల్లాలలో మన్ను రాయిగా మారిన వింతలు మేమెరుగమా? ఎరుగుదుము. కాలువ త్రవ్వినచోట రైతులందరు చూచినది ఎఱ్ఱమన్ను. కొలతల పుస్తకములో వ్రాయబడినది గట్టిరాయి. త్రవ్వినది పూడ్చిన పిమ్మట సాక్ష్యమిచ్చుటకు ఎవరున్నారు? తక్కువకు టెండరు వేసి పని చేజిక్కించుకొని, పిదప అదనపు క్లెయిములతో లాభము పొందుట కొందరికి విద్యయే యైనది. వారికి తోడుగా ఒక్కొక్కచోట ప్రభుత్వ కలమును నడచినది.

కాని ఈ దొంగతనము జరిగినది ఎట్టి కాగితముల క్రింద? అదనము ఈయబడదని గట్టిగా వ్రాసిన కాగితముల క్రిందనే గదా! ద్వారము మూసియున్నందున దొంగలు రాలేదా? కిటికీనుండి వచ్చిరి. కలవానికి కిటికీ తెలియును. నిజముగా రాయి పడిన అమాయకునికి తెలియదు. కావలసినది మూసిన ద్వారము కాదు. పగటివెలుగున పదిమంది చూచుచుండగా తెరచు ద్వారము. ప్రపంచపు ఇంజనీర్ల సమాఖ్య ఫిడిక్ 1999లో అచ్చువేసిన ఒడంబడిక నమూనాలో దీని మర్యాద కనబడును. అనుభవము గల కంట్రాక్టరు టెండరునాటికి యుక్తముగ ఊహింపజాలని భౌతికస్థితి ఎదురైనచో, వీలైనంత త్వరలో నోటీసు ఇయ్యవలెను. ఏల ఊహింపలేకపోతినో కారణము చెప్పవలెను. ఇంజనీరు వచ్చి చూడవలెను. పని నడచుచుండగానే గడువు, వ్యయము నిర్ణయింపవలెను. ‘యుక్తముగ’ అన్న మాటలో సర్వమును ఉన్నది. నల్లరేగడిలో పునాది త్రవ్వినవాడు వానకు నేల ఉబ్బినదని ఆశ్చర్యము నటించినచో, నీవేపాటి కంట్రాక్టరవని అడుగవచ్చును. అదే రేగడిలో, ఏ పటమునను లేక, ఎప్పుడో పూడ్చిన పాతబావి మీద స్తంభము నిలిచినదేని అది వేరుమాట. పట్టణములలో ఇండ్లు కట్టించు గృహస్థులకీ భేదము తెలియనిది కాదు. అట్టి బావి బయటపడినపుడు మేస్త్రీ వచ్చి చెప్పును, గృహస్థు వచ్చి చూచును, గొణుగుకొనుచునైనను ఇచ్చును. మేస్త్రీ చెప్పక పైన కాంక్రీటు పోసి మూసెనేని ఆ ఇంటి గతి యేమి?

భూగర్భపు పనులకై ఆ సమాఖ్యయే అంతర్జాతీయ సొరంగ సంఘముతో కలిసి 2019లో వేరొక నమూనా ప్రకటించినది. అందలి ముఖ్యాంశము ఆధార నివేదిక. పని చేయించువాడు ముందుగా తన ఖర్చుతో పరీక్షలు జరిపి, ఇన్ని మీటర్లు గట్టిరాయి, ఇన్ని మీటర్లు చీలిన రాయి, ఇచ్చట నిమిషమునకింత నీరు ఉండునని నిశ్చయించి వ్రాసి ఒడంబడికకు జతపరచును. అది భవిష్యవాణి కాదు. భారము పంచుకొనుటకు వేసిన గట్టు. ఆ గట్టునకు ఇవతలిది కంట్రాక్టరుది. అతని ధర, అతని నేర్పు, అతని లాభనష్టములు. గట్టు దాటినది యజమానిది. చీలిన రాయి చెప్పినదానికంటె ఎక్కువ వచ్చినచో సొమ్మును గడువును పెరుగును; తక్కువ వచ్చినచో తగ్గును. ఇరుపొలముల నడుమ గట్టు నాటినగాని తగవు తీరదని మా పాఠకులకు మేము చెప్పవలెనా?

మన సంయుక్త రాష్ట్రములో 2004 తరువాత జలయజ్ఞమను పేర పనులు సాగినపుడు జరిగినది దీనికి సరిగా తలక్రిందు. ఈపీసీ పద్ధతి యని సర్వే, నమూనా, నిర్మాణము మూడును ఒక్కరికే, ఒక్క మొత్తమునకే అప్పగించిరి. పరిశోధన చేయకమునుపే ధర నిశ్చయము! కంప్ట్రోలరు, ఆడిటరు జనరలు 2012లో జలయజ్ఞముపై ప్రత్యేక నివేదికయే వ్రాయవలసివచ్చినది. పద్ధతి స్వతహా చెడ్డదని మేమనము; కర్మాగారము కట్టుటకు అది బాగుండవచ్చును. నేలపైన ఉన్న పనికిని నేలలోపలి పనికిని ఒక్క కొలత వేయుట చెడ్డది. నాటి దొరతనములో కాటన్ దొర 1847లో గోదావరిపై ధవళేశ్వరము ఆనకట్టను ఆరంభించినపుడు ఇసుకమీదనే కట్టవలసివచ్చినది. ఇంజనీర్లే కూలీలను పెట్టి పనిచేయించుటచే, ఇసుక చేసిన ప్రతి చెఱుపును సర్కారే భరించి, నేర్చుకొని, 1852 నాటికి ముగించినది. పరాయి పాలకుల లోభమును మేము తక్కువగా ఎంచము. కాని నదిని నదివానిమీద పెట్టి తాము తప్పించుకొనలేదు.

హిమాలయములో రోహ్తాంగు క్రింద త్రవ్విన అటల్ సొరంగమును చూడుడు. మొత్తము 9 కిలోమీటర్లు. అందు సేరినాలా అను వాగు క్రింద సుమారు 587 మీటర్ల చెదరిన నేలను దాటుటకు నాలుగేండ్లు పట్టినది. 2015లో ముగియవలసిన పని 2020 అక్టోబరులో తెరవబడినది. కొండ తన గడువును తానే నిర్ణయించుకొనును. ఆ గడువును కాగితమున ఒప్పుకొన్నచోట నాలుగేండ్లు మెల్లగా నడువవచ్చును, ఒప్పుకొననిచోట తొందరపడవలెను.

ఇంజనీర్ల పక్షముననొక మాట. వారిలో చాలమంది నిజాయితీపరులు. వారి భయము వేరు. రాయి యున్నదని ఒప్పుకొని సంతకము చేసిన ఇంజనీరును పదేండ్ల తరువాత ఆడిటరు ప్రశ్నించును, విజిలెన్సువారు పిలుతురు. లేదని త్రోసివేసినవానిని ఎవరును ప్రశ్నింపరు. వ్యాజ్యములో ప్రభుత్వమోడి, అసలునకు వడ్డీతోకూడ చెల్లించినను ఆ నష్టము ఏ యొక్కరి ఖాతాలోను పడదు. కావున ఫైలు పైకి పోవును, క్రిందికి వచ్చును, మరల పైకి పోవును. ఇంతలో ఆర్థికశాఖవారు 2024 జూనులో, పది కోట్లకు మించిన వివాదములందు మధ్యవర్తి తీర్పు షరతును మామూలుగా చేర్చవద్దని కేంద్రశాఖలకు సలహా వ్రాసిరి. మధ్యవర్తుల తీర్పులపై ప్రభుత్వమునకున్న అసంతృప్తికి కారణములుండవచ్చును. కాని కోర్టులలో వ్యాజ్యమెన్నేండ్లు సాగునో భూతగాదా నడపినవారికి తెలియును. కావున తగవు తీర్చవలసినది రాయి కనబడిన దినములలోనే. రాయి చూచుటకు ప్రభుత్వముదియు కంట్రాక్టరుదియు కాని భూగర్భశాస్త్రజ్ఞుడొకడు పనివద్దనే నియమింపబడవలెను. ఛాయాచిత్రములు, బోరునుండి తీసిన రాతిముక్కల పెట్టెలు, ప్రతిదినపు నీటికొలతలు ఇరుపక్షముల సంతకములతో భద్రపరుపవలెను. అతని మాటను మన్నించి సంతకము చేసిన ఇంజనీరునకు, లంచము ఋజువైననే తప్ప, శిక్ష యుండరాదు. మన్నును రాయిగా వ్రాయువారికిది మిక్కిలి అసౌకర్యము; వారి అభ్యంతరమును మేమర్థము చేసికొనగలము.

2025 నవంబరులో తెలంగాణ ప్రభుత్వమువారు, హైదరాబాదులోని జాతీయ భూభౌతిక పరిశోధన సంస్థచేత, మిగిలిన సొరంగమార్గమునకు పైని నేలను హెలికాప్టరునుండి విద్యుదయస్కాంత విధానమున పరీక్షింపజేయుట మొదలుపెట్టించిరి. కొండ గర్భమున చీలికలెచ్చట, నీరెచ్చట అని వెదకుటకీ పరీక్ష. 2005లో చేయవలసిన జాగ్రత్త ఇరువదేండ్లకు, ఎనిమిది ప్రాణములు పోయిన పిదప జరిగినది; జరిగినందులకు సంతోషింతుము. ఆ పరీక్షాఫలితము శాఖాధిపతుల బీరువాలో పడియుండరాదు. మిగిలిన పనిని గూర్చి వ్రాయు ప్రతి ఒడంబడికకు దానిని అక్షరాల జతపరుపవలెను. ఇది మాకు తెలిసిన నేల. ఇంతకు మించినది మా పూచీ యని ప్రభుత్వము చేవ్రాలు చేయవలెను. ముఖమునకు ముందు బోరు వేయుటయు, నీరు కనబడిననాడు ఆగుటయు కంట్రాక్టరు దయాధర్మములు కాక, వేరు ధరతో చెల్లింపబడు పనులుగా పట్టికలో చేరవలెను. ఆగిన దినమునకు కూలీకి కూలి పూర్తిగా ముట్టవలెను. నివేదిక ప్రతిని తెలుగులో అచ్చొత్తించి నల్లగొండ, నాగర్‌కర్నూలు కలెక్టరు కచేరీలలో ఎవరైనను చూచునట్లు ఉంచవలెను. ఆ నీటికై రెండు తరములుగా వేచియున్న రైతులకు, అది ఏ రాతిగుండా రావలసియున్నదో తెలిసికొను హక్కు గలదు.